నాలుగో పేరాలో మంచి మాట

ఆ ఏడాది వేసవి సెలవులకు కోర్టు మూతపడే ముందు, మా అమ్మ తను వేసిన దావాలోంచి ఒక మాట తీసేయనివ్వమని అడిగింది. జడ్జి ఒప్పుకోలేదు.

దావా మెట్ల గురించి. మా ఇంటికి కింద ముందువైపు రెండు గదులు, పైన ఒక హాలు. వెనక పెరడు, అందులో షెడ్డు మా బాబాయివి. పై హాలుకు వెళ్లే మెట్లు ఆ పెరట్లోంచి లేస్తాయి. నాన్న, బాబాయి కలిసి కట్టిన మెట్లు అవి. కట్టేనాటికి పెరడు ఎవరిది, హాలు ఎవరిది అన్న ప్రశ్న లేదు. తర్వాత ఇద్దరూ పంచుకున్నారు. పంపకాల కాయితంలో గదులు రాశారు, పెరడు రాశారు. మెట్ల గురించి రాయడం ఎవరికీ తోచలేదు. లోపలి నుంచి పైకి దారి లేదు. పెట్టాలంటే వంటింటి కప్పు కోయాలి, దూలం సరిగ్గా అక్కడే ఉంది.

నాన్న పోయాక అమ్మ పై హాల్లో కర్టెన్లు కుట్టే పని మొదలుపెట్టింది. గుడ్డ మడత పడకుండా పొడవునా పరిచి కత్తిరించాలంటే అలాంటి హాలే కావాలి. ఇద్దరు పనివాళ్లు వచ్చేవారు. కింద షెడ్డులో బాబాయి ఇనుప గేట్లు, కిటికీ గ్రిల్సు చేసేవాడు. ఏళ్లతరబడి కింద వెల్డింగు, పైన కుట్టుమిషన్లు నడిచాయి. ఒకరి చప్పుడు మీద ఒకరు ఎప్పుడూ ఫిర్యాదు చేయలేదు.

ఒకరోజు పొద్దున లేచేసరికి మెట్ల మొదట్లో గేటు ఉంది. గేటుకి తాళం ఉంది.

అమ్మ కోర్టుకు వెళ్లింది. తీర్పు వచ్చేదాకా గేటు పగలు తెరిచి ఉంచాలని, చీకటి పడ్డాక మూసుకోవచ్చని కోర్టు చెప్పింది. ఆ నాటి నుంచి బాబాయి పొద్దున్నే వచ్చి తాళం తీసి గడియకు తగిలించేవాడు, సాయంత్రం వచ్చి వేసేవాడు. అమ్మను మొదటి నుంచీ 'నువ్వు' అనే మనిషి 'మీరు' అనడం మొదలుపెట్టాడు. "మీ వాళ్లు దిగారా? తాళం వేసుకుంటాను." అంతకు మించి మాట లేదు.

కేసు విచారణకు వచ్చింది. మొదట అమ్మ బోనెక్కింది. తన తరఫు లాయరు అడిగినవాటికి బాగానే చెప్పింది. తర్వాత బాబాయి లాయరు లేచి, దావా ప్రతి ఆమె చేతికిచ్చి, "నాలుగో పేరా చదవండమ్మా" అన్నారు.

అమ్మ కళ్లజోడు పెట్టుకుంది. "వాది, తన మరిది అయిన ప్రతివాది గారి అనుమతితో సదరు మెట్లను వాడుకుంటూ వస్తున్నది."

"ఇది మీరు చెప్తేనే రాశారా?"

"నేను చెప్తేనే రాశారు."

"కింద సంతకం మీదేనా?"

"నాదే."

"అయితే ఆయన అనుమతి ఇచ్చారు, ఇన్నాళ్లు నడిచారు. ఇప్పుడు ఇవ్వనంటున్నారు. అంతే కదమ్మా?"

అమ్మ వెనక బెంచీలో ఉన్న నా వైపు చూసింది. నేను మా లాయరు వైపు చూశాను. ఆయన పెన్నుకు మూత పెడుతున్నారు.

మా లాయరును కోర్టులో అందరూ కామా గారు అనేవారు. ఆయన నోరు తెరిస్తే ఫుల్‌స్టాప్ ఉండదని ఆ పేరు పెట్టారు. మొహం మీదే అనేవారు, ఆయన పలికేవారు. ఆ సాయంత్రం ఆయన ఆఫీసులో కూర్చున్నాం. ముందు గదిలో ఆయన, వెనక గదిలో టైపిస్టు. మధ్య తలుపు ఎప్పుడూ ఓరగా ఉండేది.

"చూడమ్మా, ఎవరో దయతలచి దారి ఇచ్చారనుకోండి, అది వాళ్లిష్టం, ఇవాళ ఇస్తారు, రేపు మూసేస్తారు, కోర్టు ఏమీ అనలేదు, అలా కాకుండా ఎవర్నీ అడక్కుండా, దాచుకోకుండా, ఎవరూ కాదనకుండా ఏళ్ల తరబడి మనదే అన్నట్టు నడిచారనుకోండి, అది హక్కవుతుంది, దాన్ని మూస్తే కోర్టు తెరిపిస్తుంది, మీరు నడిచింది రెండో రకం, మనం రాసింది మొదటి రకం, ఇవాళ ఆయన పట్టుకున్నది అదే, గట్టిగానే పట్టుకున్నాడు," అని కామా గారు ఊపిరి కోసం ఆగారు.

"రాసింది మీరే కదండీ" అన్నాను.

"నేనే, కానీ మీ అమ్మగారిని అడగండి, వద్దని ఎంత చెప్పానో."

అది నిజమే. దావా రాసిన రోజు నేనూ అక్కడే ఉన్నాను. కామా గారు మొదట 'దౌర్జన్యంగా' అని, 'దురుద్దేశంతో' అని రాశారు. అమ్మ రెండూ కొట్టించింది. "కోర్టుకు లాగుతున్నాం, అది చాలదా. పైన తిట్లెందుకు. ఆయన చదువుకుంటాడు ఇదంతా. ఎక్కడైనా ఒక మంచి మాట రాయండి" అంది. ఏం రాయమంటారని ఆయన అడిగారు. "ఆయన చలవ వల్లే ఇన్నాళ్లు నడిచామని రాయండి. వినడానికి బాగుంటుంది." దావాల్లో చలవ అన్న మాట ఉండదన్నారు కామా గారు. చాలాసేపు వాదించుకుని చివరికి 'అనుమతి' దగ్గర ఆగారు.

"ఇప్పుడు తీసేయలేమా?" అంది అమ్మ.

"సవరణ పిటిషన్ వేయొచ్చు, కానీ సాక్ష్యం మొదలైంది కదా, మొదలయ్యాక దావాలో అక్షరం మార్చాలన్నా, ఎంత జాగ్రత్తగా ఉన్నా ఈ సంగతి ముందే చెప్పలేకపోయామని చూపించుకోవాలి, పైగా మనం ఒకసారి ఒప్పుకున్నదాన్ని వెనక్కి లాక్కోవడం ఇంకా కష్టం, అవతలివాళ్లు దాని మీద ఇల్లు కట్టుకుని కూర్చున్నారు." ఆయన ఓరగా ఉన్న తలుపు వైపు చూశారు. గొంతు తగ్గించలేదు. "ఒక పని చేద్దాం, టైపిస్టు పొరపాటని రాద్దాం, అతనికేమీ కాదు, ఈ ఊళ్లో సగం పిటిషన్లలో పొరపాట్లన్నీ అతనివే, అలవాటైపోయింది."

వెనక గదిలో కీబోర్డు చప్పుడు ఆగింది.

అమ్మ ఆ తలుపు వైపు చూసింది. "ఆయనేం చేశాడండీ పాపం. నేను చెప్పిందే మీరు రాశారు, మీరు రాసిందే ఆయన కొట్టాడు. నేనే చెప్పానని రాయండి."

"అలా రాస్తే మొదటి రోజు నుంచీ మీకు తెలుసని మీరే ఒప్పుకున్నట్టు అవుతుంది, పిటిషన్ నిలవదు."

"నిజం రాస్తే నిలవదా?"

"నిలవదు."

ఆయన వాక్యం ఒక్క కామా లేకుండా పూర్తవడం నేను వినడం అదే మొదటిసారి.

అమ్మ ఆలోచించింది. చేతిసంచి మూతను తెరుస్తూ మూస్తూ కూర్చుంది. తర్వాత, "అయినా అదే రాయండి" అంది. వెనక గదిలో కీబోర్డు మళ్లీ మొదలైంది.

పిటిషన్‌తో పాటు పెట్టిన ప్రమాణపత్రం ఒక పేజీ కూడా లేదు. అందులో అమ్మ మాటలు ఇవే: ఆ మాట నేనే రాయించాను. మరిది నొచ్చుకోకూడదని రాయించాను. ఆయన అనుమతి ఎప్పుడూ ఇవ్వలేదు, నేను ఎప్పుడూ అడగలేదు. మెట్లు నా భర్త, ఆయన కలిసి కట్టారు. కింద అమ్మ సంతకం.

ఆ వారంలోనే ఒక బడి మేనేజరు పైకి వచ్చాడు. వాళ్ల ఆడిటోరియానికి స్టేజీ కర్టెన్ కావాలి. మఖమలు గుడ్డ, లోపల లైనింగు, అంచుకు బరువుల పట్టీ. అలాంటి పని మాకు అంతకు ముందు రాలేదు. అమ్మ టేపు మెడలో వేసుకుని కొలతలు రాసుకుంటుంటే అతను కిటికీలోంచి కిందికి చూశాడు.

"ఈ గేటు గురించి విన్నానమ్మా. ఇంత బరువు కుట్టాక దింపగలరా?"

"పగలు గేటు తెరిచే ఉంటుందండి."

"కేసు పోతే?"

అమ్మ పెన్సిలు చెవి మీద పెట్టుకుంది. "బడి తెరిచేలోపు కుట్టి ఇస్తాను."

"కుట్టడం గురించి కాదమ్మా నేనడిగింది." అతను కొలతల కాయితం తీసుకుని జేబులో పెట్టుకున్నాడు. కేసు సంగతి తేలాక వస్తానని దిగిపోయాడు. పని చేసే ఇద్దరూ మిషన్ల మీంచి తలెత్తలేదు. కేసు పోతే హాలు ఉంటుంది, మిషన్లుంటాయి, ఎక్కే దారి ఉండదు. అది వాళ్లకూ తెలుసు.

మధ్యాహ్నం పిన్ని వచ్చింది. దావా పడ్డాక కూడా పిన్ని రాకపోకలు మానలేదు. ఏదో ఒక దుప్పటి అంచు ఊడిందని వచ్చేది. కొన్నిసార్లు ఆ అంచు పిన్నే ఊడదీసి తెచ్చిందని కుట్టు చూస్తే తెలిసేది.

"అక్కా, మిషను ఖాళీయేనా?"

"ఖాళీయే. కేసు మొదలయ్యాక ఖాళీకి కరువు లేదు."

"కేసు వేసింది నువ్వేగా."

"గేటు పెట్టింది మీ ఆయనేగా."

పిన్ని మిషను ముందు కూర్చుని సూదిలోకి దారం ఎక్కించింది. "ఆ గేటు చేస్తున్నప్పుడే అన్నాను. మూసి పెట్టడానికే అయితే అన్ని వంపులెందుకయ్యా, రేకు కొట్టి పడెయ్యి అని. వింటేగా. రోజుల తరబడి కూర్చుని తీగలు తిప్పాడు, ఆకులు అతికించాడు."

"పనితనం బాగుంది" అంది అమ్మ.

"ఆయనతో అనకు తల్లీ. రెండోది పెడతాడు."

ఇద్దరూ నవ్వారు. పని చేసే ఒకామె కూడా నవ్వింది. పిన్ని దుప్పటి అంచు మడిచి మిషను తొక్కింది. తర్వాత అమ్మ, "అసలు ఎందుకు పెట్టాడే?" అంది.

"నన్నడక్కు. వెళ్లి ఆయన్నే అడుగు." పిన్ని దారం కొరికింది. "ఎవరూ ఏదీ అడగరనే ఆయన ఏడుపు."

సవరణ పిటిషన్ మీద వాదనలు పొద్దున పూట జరిగాయి. జడ్జి ఆ కోర్టుకు కొత్తగా వచ్చారు. ఫైలు తిరగేస్తున్నప్పుడు కూడా ఎవరు మాట్లాడితే వాళ్ల వైపు చూసేవారు. కామా గారు ప్రమాణపత్రం చదివారు. 'మరిది నొచ్చుకోకూడదని రాయించాను' దగ్గర ఆయనే ఆగి, మళ్లీ చదివారు. బాబాయి అవతలి బెంచీ చివర కూర్చున్నాడు. మోచేతుల దాకా నిప్పురవ్వల మచ్చలు. తల వంచుకుని వాటిని చూసుకుంటున్నాడు.

బాబాయి లాయరు క్లుప్తంగా మాట్లాడారు. వాదికి ఈ విషయం మొదటి రోజే తెలుసు. విచారణ మొదలయ్యేదాకా ఊరుకున్నారు. బోనులో ఇబ్బంది పడ్డాక మారుస్తామంటున్నారు. సాక్ష్యం చూసుకుని దావాలు దిద్దుకునేట్టయితే ఏ కేసూ తేలదు.

జడ్జి అమ్మను నిలబడమన్నారు.

"దావా వేసిన రోజు మీకు తెలుసా, ఆయన అనుమతి ఇవ్వలేదని?"

"తెలుసండి."

"తెలిసే ఈ మాట రాయించారా?"

"అవునండి."

"పొరపాటు అనరా దీన్ని?"

"పొరపాటున రాయలేదండి. మర్యాదగా ఉంటుందని రాయించాను. ఇలా అవుతుందని తెలీదు."

జడ్జి ఫైలు మూశారు. "మీరు దాచకుండా చెప్పారు. అందువల్లే నేను ఒప్పుకోలేను. మొదటి నుంచీ తెలిసిన సంగతిని, ఎంత జాగ్రత్తపడ్డా ముందే చెప్పలేకపోయానని మీరు అనలేరు. ఆయన చేతికి మీరే ఇచ్చినదాన్ని ఇప్పుడు నేను లాక్కోలేను. పేరా అలాగే ఉంటుంది. అందులో నిజమెంతో సాక్ష్యంలో తేలనివ్వండి." పిటిషన్ కొట్టేసి, బాబాయి సాక్ష్యానికి వాయిదా వేశారు. ఆ వాయిదా సెలవులకు ముందు చివరి పనిదినం.

వరండాలో కుళాయి దగ్గర నేను సీసాలో నీళ్లు పడుతుంటే బాబాయి వచ్చి పక్కన నిలబడ్డాడు.

"ఏమే, ఆ కాయితంలో మీ అమ్మ నిజంగానే అలా రాయించిందా?"

"ఏది?"

"అదే. నేను నొచ్చుకోకూడదని."

"నువ్వూ విన్నావుగా బాబాయ్."

"లాయర్లు లక్ష రాస్తారు."

"లాయరు గారు టైపిస్టు మీదికి తోసేద్దామన్నారు. అమ్మ ఒప్పుకోలేదు."

సీసా నిండి నీళ్లు చేతి మీదికి పొర్లాయి. బాబాయి కుళాయి కట్టేశాడు. "వదిన అంతే" అన్నాడు. ఆ అనడంలో మెచ్చుకోలుందో విసుగుందో నాకు తెలియలేదు. కోర్టు మెట్లు దిగి వెళ్లిపోయాడు.

వాయిదా రోజున కోర్టులో ఫ్యాన్లు తిరుగుతున్నా కాయితాలు ఎగరడం లేదు. సెలవులకు ముందు రోజు కాబట్టి జనం ఎక్కువ. పిలుపు రాక ముందు వరండాలో బాబాయి లాయరు ఆయనకు చెప్తుండడం నేను విన్నాను. "ఎక్కువ మాట్లాడొద్దు. ఎవరి అనుమతి అని అడుగుతాను. నాది అనండి. ఒక్క మాట. మిగతాది నేను చూసుకుంటాను." బాబాయి తలూపాడు.

అమ్మ కూడా విన్నది. లోపలికి వెళ్లి కూర్చుంది.

బాబాయి బోనెక్కాడు. ఉతికి ఇస్త్రీ చేసిన చొక్కా వేసుకున్నాడు. ఆ చొక్కా ఇస్త్రీ చేసింది మా ఇస్త్రీపెట్టెతోనే. పిన్ని ముందు రోజు సాయంత్రం తీసుకెళ్లింది.

"మెట్లు ఎవరు కట్టారు?" అని ఆయన లాయరు మొదలుపెట్టారు.

"అన్నయ్య, నేను."

"మేస్త్రీని పెట్టుకోలేదా?"

"పెట్టుకున్నాం. ఒక్కరోజే. కడ్డీలు వంకరగా కట్టి పోయాడు. అవి విప్పి నేను కట్టాను. అన్నయ్య కాంక్రీటు కలిపాడు. అయిపోయేదాకా పొద్దున్నే వదిన మా ఇద్దరికీ టీ తెచ్చేది."

"అడిగినదానికే చెప్పండి. ఆ మెట్లను వాది ఎవరి అనుమతితో వాడుతున్నారు?"

బాబాయి బోను కమ్మీని పట్టుకున్నాడు. దాన్ని వేళ్లతో తడిమి చూశాడు. అతుకు దగ్గర అరగదీయని బుడిపె ఉంది. బొటనవేలు అక్కడ ఆగింది.

"ఎవరి అనుమతీ లేదండి."

"ప్రశ్న సరిగ్గా వినండి. మీరు అనుమతి ఇచ్చారని నాలుగో పేరాలో వాదే రాసుకున్నారు. మీరు ఇచ్చారా?"

కామా గారు లేవబోయారు. మళ్లీ కూర్చున్నారు.

"ఇవ్వలేదండి" అన్నాడు బాబాయి.

"ఇవ్వలేదా?"

"అడిగితే కదండీ ఇవ్వడానికి."

వెనక బెంచీల్లో నవ్వారు. జడ్జి తలెత్తి చూశారు, నవ్వు ఆగింది. బాబాయి లాయరు ఏదో అనబోతుంటే బాబాయి ఆగలేదు. ఆయన లాయరుతో కాదు, జడ్జితో కాదు, కోర్టు మధ్యలో ఖాళీగా ఉన్న చోటుతో మాట్లాడుతున్నట్టు మాట్లాడాడు.

"అన్నయ్య పోయాక ఒక్కసారి అడగలేదు. కర్టెన్లు కుట్టబడును అని నా గోడకి బోర్డు కొట్టింది, పైకి బాణం గుర్తు వేసి. అడగలేదు. మిషన్లు ఎక్కించింది. అడగలేదు. ఆ పెద్ద బల్ల ఎక్కించిన రోజు నన్ను పిలిచింది. ఒక కొస పట్టుకో అంది. ఎక్కించనా అనలేదు, పట్టుకో అంది. పట్టుకున్నాను. అన్నయ్యయితే ఏ పనికైనా, ఏరా ఏమంటావు అనేవాడు. నేనెప్పుడూ సరే అనేవాణ్ణే. అయినా అడిగేవాడు. అదండీ నా బాధ."

జడ్జి, "అంటే ఆవిడ తన సొంత మెట్లలాగే వాడుకున్నారంటారా?" అని అడిగారు.

"వాళ్ల మెట్లేనండి. అది కాదని నేను ఎప్పుడన్నాను? నన్నొక మాట అడగలేదంటున్నాను."

"మీరు ఎప్పుడైనా అడ్డు చెప్పారా, ఈ గేటుకు ముందు?"

"లేదండి."

జడ్జి ఒక్కొక్క జవాబూ చెప్పి రాయించారు. బాబాయిని చదివి చూసుకోమన్నారు. బాబాయి లాయరు బోను దగ్గరికి వెళ్లి ఆయన చెవిలో ఏదో చెప్పారు. బాబాయి కాయితం కిటికీ వెలుతురుకు పెట్టి చదివాడు. "సరిగానే ఉందండి" అని సంతకం పెట్టాడు.

క్రాస్ చేస్తారా అని కామా గారిని అడిగారు.

"ప్రశ్నలు లేవు" అన్నారు కామా గారు. కామా లేకుండా అది రెండోసారి.

బయటికి వచ్చాక అమ్మ ఆయన్ను, "ఇప్పుడు మళ్లీ సవరణ అడుగుదామా?" అంది.

"అక్కర్లేదమ్మా, పేరా అలా ఉండనివ్వండి, మీరు అనుమతి ఉందన్నారు, ఆయన లేదన్నాడు, ఇద్దరూ ఎదుటివాళ్లకు లాభమయ్యేదే చెప్పారు, నా సర్వీసులో ఇలాంటిది చూడలేదు, మా వాళ్లకు చెప్తే నమ్మరు," అంటూ ఆయన కోటు విప్పి చేతి మీద వేసుకున్నారు. వాక్యం ఇంకా నడుస్తుండగానే ఆయన్ను ఇంకో కోర్టులోంచి పిలిచారు.

ఆ సాయంత్రం బాబాయి రోజూలాగే తాళం వేయడానికి వచ్చాడు. పనివాళ్లు వెళ్లిపోయారు. నేను పైన కిటికీలు మూస్తున్నాను. అమ్మ మెట్లు సగం దిగి ఆగింది.

"నిన్నొకటి అడగాలి" అంది.

బాబాయి తాళం చేత్తో పట్టుకుని నిలబడ్డాడు. "ఇప్పుడా?"

"ఇప్పుడే. బడివాళ్లు స్టేజీ కర్టెన్ అడుగుతున్నారు. ఒప్పుకుందామా అనుకుంటున్నాను. కుట్టాక నలుగురు పట్టుకుని దింపాలి. పక్కన పట్టుకోడానికేమీ లేదు, ఎవరైనా జారితే కష్టం. ఈ మెట్లకి రెయిలింగు చేసి పెడతావా?"

"తీర్పు రాలేదు కదా ఇంకా."

"తీర్పుకీ దీనికీ ఏంటి సంబంధం. నిన్ను అడుగుతున్నాను."

బాబాయి మెట్ల వైపు చూశాడు, కింది నుంచి పై దాకా. కొలుస్తున్నాడని నాకు తెలిసింది. పనిలో ఉన్నప్పుడు ఆయన ఒక కన్ను కొంచెం మూస్తాడు.

"బడివాళ్ల పని ఒప్పుకో" అన్నాడు. "రెయిలింగు నాకు చేతకాకేం."

"నిన్ను ముందే అడగాల్సింది. అడిగితే నిన్ను పరాయివాణ్ణి చేసినట్టు ఉంటుందనుకున్నాను ఇన్నాళ్లూ."

"నాకు అలా అనిపించలేదు వదినా."

"తెలిసింది ఇవాళ. కోర్టంతా విన్నది."

"నువ్వు మాత్రం తక్కువ రాయించావా" అన్నాడు బాబాయి. నువ్వు అన్నాడు. అమ్మ మిగిలిన మెట్లు దిగింది. బాబాయి తాళం జేబులో వేసుకుని షెడ్డులోకి వెళ్లాడు. గేటు తెరిచే ఉంది.

సెలవుల్లో షెడ్డులో ఇనుము లేదు. ఆర్డర్లన్నీ అయిపోయి కొత్త సరుకు రాలేదు. రెయిలింగు దేనితో చేయాలో బాబాయి, పిన్ని రెండు రోజులు ఎటూ తేల్చుకోలేదు. మూడోరోజు పొద్దున గేటును బందుల నుంచి విప్పి, పెరట్లో పడుకోబెట్టి, కటింగు మిషను పెట్టాడు. నిప్పురవ్వలు పై కిటికీ దాకా లేచాయి. పిన్ని గడపలో నిలబడి, "వంపులు పోకుండా కొయ్యి, అంత కష్టపడ్డావుగా" అంది. అమ్మ పైనుంచి, "తీగలు చేయి ఆనే వైపు వద్దు, గుడ్డ తగులుకుంటుంది" అంది. ఇద్దరూ చెప్పేది విననట్టు బాబాయి కళ్లద్దాలు పెట్టుకున్నాడు. తీగలు పెరటి వైపు వచ్చాయి.

బడి మేనేజరు మళ్లీ వచ్చాడు. కొలతల కాయితం తిరిగి తెచ్చాడు. మఖమలు గుడ్డ హాలంతా పరిచాక నడవడానికి గోడ వారన అడుగు వెడల్పు చోటు మిగిలింది. అంచులో బరువుల పట్టీ కుట్టడానికి పిన్ని కూడా కూర్చుంది. ఈసారి ఊడిన దుప్పటి తేలేదు. కర్టెన్ దింపిన రోజు నలుగురు పట్టుకున్నారు. ముందు కొస బాబాయిది. పట్టుకోమని అమ్మ ఆయన్ను అడిగింది. పైగా రెండుసార్లు అడిగింది. "సరే అన్నానుగా, చంపకు" అన్నాడు బాబాయి.

కోర్టు తెరిచాక తీర్పు వచ్చింది. మెట్ల మీద నడిచే హక్కు అమ్మకు ఉందని, గేటు తొలగించాలని రాశారు. నాలుగో పేరా గురించి కూడా ఉంది. ఆ మాట మర్యాద కోసం రాయించానని వాది చెప్పిందని, అనుమతి ఇవ్వలేదని ప్రతివాదే ప్రమాణం చేసి చెప్పాడని, కాబట్టి ఆ పేరా వాదికి అడ్డు కాదని. బాబాయి అప్పీలుకు వెళ్లలేదు. ఆయన లాయరు వెళదామన్నారట. "దేని గురించి?" అని అడిగాడట బాబాయి.

తీర్పు అమలైందో లేదో చూసి రమ్మని కోర్టు అమీనును పంపింది. అమీను పెరట్లో నిలబడి చుట్టూ చూసి, "గేటేదండీ?" అన్నాడు. బాబాయి రెయిలింగు చూపించాడు. అమీను ఒక్కొక్క మెట్టే ఎక్కుతూ కమ్మీ మీద చెయ్యేసి వెళ్లాడు. పై మలుపు దగ్గర నిలువు కమ్మీకి గడియ దిగే రంధ్రం అలాగే ఉంది. అందులో వేలు పెట్టి చూశాడు. కిందికి వచ్చి, కాయితం తొడ మీద పెట్టుకుని 'గేటు లేదు' అని రాశాడు. దాని కింద అమ్మ చేత, బాబాయి చేత సంతకాలు పెట్టించుకుని వెళ్లాడు.